రాజయ్య వేసిన బొమ్మ

బొమ్మను బల్ల మీద బోర్లా పెట్టగానే ప్లైవుడ్డులోంచి మాడిన నూనె వాసన వచ్చింది. ఉదయలక్ష్మి టేపు పట్టి కొలిచింది. పొడవు తొంభై ఒకటి, వెడల్పు అరవై నాలుగు సెంటీమీటర్లు. పుస్తకంలో రాసుకుంది: ప్లైవుడ్డు మీద ఎనామిల్ రంగులు. ఎడమ మూల చెద పట్టింది. పైభాగం నిండా పొగ జిడ్డు. దాత జోగారావు, దిల్‌సుఖ్‌నగర్.

మన్సూరాబాద్ వెళ్లే రోడ్డులో ఉన్న ఆ సర్కారు చిత్రశాలలో ప్రదర్శనకు పెట్టే ప్రతి బొమ్మకూ లేబుల్ రాయడం ఆమె పని. పేరు, వేసినవాళ్లు, సంవత్సరం, రంగులు, కొలత, ఇచ్చినవాళ్లు. ఆరు వరుసలు దాటకూడదు. ఉద్యోగంలో చేరి పద్నాలుగు నెలలైంది. ఇంకా పర్మనెంటు కాలేదు.

జోగారావు అనే ఆయన దిల్‌సుఖ్‌నగర్‌లో ముప్పై ఏళ్లు భోజన హోటలు నడిపి మూసేశాడు. హోటలు గోడలకున్న పదకొండు బొమ్మలను ఆయన కొడుకు చిత్రశాలకు ఇచ్చాడు. శనివారం వాటి ప్రదర్శన. ఇవాళ సోమవారం.

ఆమె బొమ్మను వెల్లకిలా తిప్పింది.

హోటలు వెనక పెరడు. నీళ్ల కొళాయి, బూడిద కుప్ప, చుట్టూ గుండిగలు, బేసిన్లు. నడుమ ఒక ఆడమనిషి మోచేతుల దాకా మసితో గిన్నెలు తోముతోంది. వెనక నుంచి ఎవరో పిలిచినట్టు మెడ తిప్పి చూస్తోంది. ఆ చూపులో విసుగుంది. కుడి చెవి తమ్మె తెగి రెండుగా వేలాడుతోంది.

ఉదయలక్ష్మి చేతిలో టేపు చర్రున లోపలికి చుట్టుకుపోయింది.

ఆ చెవి ఆమెకు తెలుసు. పొద్దున బస్సెక్కేముందు టిఫిన్ డబ్బా చేతికిచ్చినప్పుడు కూడా చూసింది. అమ్మ ఎలీశమ్మ ఆ హోటల్లో గిన్నెలు తోమేది. నాయిన ఆ హోటలుకు బోర్డులు రాసేవాడు. ఎప్పుడో ఒక బొమ్మ కూడా వేశానని చెప్పేవాడు గానీ, అది చూసినవాళ్లెవరూ ఇంట్లో లేరు.

పుల్లకు దూది చుట్టి, నాలుకతో తడిచేసి, కింది అంచు మీద మెల్లగా రుద్దసాగింది. జిడ్డు తీయడానికి ఉమ్మిని మించింది లేదని ట్రైనింగులో చెప్పారు. నాలుగు పుల్లలు నల్లబడ్డాయి. అయిదో పుల్లకు, మూలనున్న ఇత్తడి గుండిగ మెడ మీద చుక్కలు బయటపడ్డాయి. గిన్నెల మీద పేర్లు కొట్టేవాళ్లు ఉలితో కొట్టినట్టు, అచ్చం అలాగే వేసిన పసుపు చుక్కలు. యె. హె. జ్కే. లు. పక్కన 96.

తలుపు చప్పుడైంది. ఆమె అరచెయ్యి తనంతట తనే వెళ్లి ఆ చుక్కల మీద ఆనింది.

చిత్రశాల అధికారి వేదవతి లోపలికొచ్చింది. యాభై దాటిన మనిషి. గోదావరి జిల్లా మాట ఇంకా పోలేదు.

"ఎంత బావుందో చూశావా ఉదయా? ఆ మెడ తిప్పడం చూడు. ఈ పదకొండింట్లో బొమ్మంటే ఇదొక్కటే. పోస్టరు మీద ఇదే వేయిస్తున్నా. ఎవరు వేశారో ఏమైనా దొరికిందా?"

"చూస్తున్న మేడం."

"దొరికితే అదృష్టమే. మనిషి బతికుంటే పట్టుకొచ్చి శనివారం శాలువా కప్పేద్దాం, పేపర్లో వస్తుంది. జోగారావుగార్ని అడుగుదామంటే ఆయనకి ఒంట్లో బాలేదట. వాళ్లబ్బాయేమో 'ఎవరో పెయింటరండీ' అంటాడు."

వేదవతి వెళ్లాక ఉదయలక్ష్మి చెయ్యి తీసింది. అరచేతికి నల్లటి జిడ్డు అంటింది.

మధ్యాహ్నం ప్రసన్నకుమార్ తన సీట్లోంచే పిలిచాడు. ఆఫీసు కాగితాలన్నీ అతని దగ్గరే ఉంటాయి.

"ఉదయా, ఎమ్మార్వో ఆఫీసోళ్లు మీ ఇంటికి వచ్చిన్రా?"

"ఇంకా రాలే."

"వస్తరు. జర జాగ్రత్త."

ఎవరో పేరు లేని అర్జీ పెట్టారు. ఉదయలక్ష్మి ఎస్సీ కోటాలో ఉద్యోగం తెచ్చుకుందనీ, వాళ్లింట్లో అందరూ క్రైస్తవులేననీ, చర్చికి పోతారనీ. సర్టిఫికెట్లలో ఆమె ఉదయలక్ష్మి, తండ్రి ఎల్లయ్య. ఇంట్లో ఆమె బ్లెస్సీ, తండ్రి యెహెజ్కేలు. వాళ్ల పేటలో సగం ఇళ్లు ఇలా రెండేసి పేర్లతోనే బతుకుతున్నాయి. మతం మారారని కాగితం మీద తేలితే ఎస్సీ కాదంటారు, ఉద్యోగం పోతుంది. అర్జీ వచ్చి రెండు నెలలైంది. విచారణకు ఇంటికి వస్తామన్నవాళ్లు ఏ రోజు వస్తారో చెప్పలేదు.

*

నాదర్‌గుల్‌లో రెండు గదుల కిరాయి ఇల్లు. సాయంత్రం ఉదయలక్ష్మి వెళ్లేసరికి యెహెజ్కేలు గడప మీద కూర్చుని కుంచె కడుగుతున్నాడు. ఫ్లెక్సీలు వచ్చాక బోర్డుల పని పోయింది. సమాధుల మీద పేర్లు రాసే పని మాత్రం మిగిలింది. పైన, దగ్గర్లోని విమానాల బడి ట్రైనింగు విమానం ఒక చుట్టు తిరిగి దిగుతోంది.

"నాయినా, నీ బొమ్మ దొరికింది."

"ఏ బొమ్మ?"

"అమ్మ బోళ్లు తోముతున్న బొమ్మ. జోగారావు హోటల్‌ది."

యెహెజ్కేలు కుంచెను నీళ్లలోనే వదిలేశాడు. "గదింకా ఉన్నదా?" అన్నాడు. మళ్లీ, "చెద పట్టలేదా?" అన్నాడు.

"మూలకు పట్టింది. జిడ్డు పోయినకాడ రంగు నిన్న ఏసినట్టున్నది. మా మేడం అన్నిట్ల గదే మంచిగుందన్నది."

"ఎవలన్నరు?"

"మా మేడం నాయినా. పెద్దమేడం."

అతను నవ్వలేదు. తడి చేతులు లుంగీకి తుడుచుకుని, మళ్లీ తుడుచుకున్నాడు.

లోపల్నుంచి ఎలీశమ్మ వచ్చింది. చేతిలో వెల్లుల్లి గంప. "పేరు ఏసినవా?" అంది.

"ఇంకా లేదమ్మా."

"ఏయకు."

గదిలో మంచం ఎదురుగా గోడ మీద తెల్లటి చతురస్రం ఉంది. ఇరవై ఏళ్లు అక్కడున్న ఏసుప్రభువు పటం ఇప్పుడు ట్రంకు పెట్టెలో చీరల కింద ఉంది. పటం ఉన్న మేకుకే పక్కింటి సుమిత్రమ్మ దగ్గర తెచ్చిన లక్ష్మీదేవి క్యాలెండరు తగిలించారు. విచారణవాళ్లు వచ్చి పోయేదాకా.

యెహెజ్కేలు మెల్లగా అడిగాడు. "ఎల్లయ్య అని ఏస్తే?"

"సర్వీసు పుస్తకంల నా తండ్రి పేరు అదే కద. మా నాయిననే అని చెప్పాలె. నిన్ను స్టేజీ మీదికి పిలుస్తరు. పేపరోళ్లు ఇంటికొస్తరు. పేటల ఎవరినడిగినా యెహెజ్కేలు పెయింటర్ అనే చెప్తరు. అర్జీ పెట్టినోనికి గంతకన్న ఏం కావాలె?"

"మరి ఏం రాస్తవ్ బిడ్డా?"

"కళాకారుడు, తెలియదు. గట్ల రాస్తరు, ఎవరో తెల్వనప్పుడు."

"తెలియదు అంటే," యెహెజ్కేలు ఆలోచించాడు, "సచ్చిపోయిండనా?"

"గాదు నాయినా. తెల్వదు అంటే తెల్వదంతే."

"మంచిది," అన్నాడు. కుంచె తీసి మళ్లీ కడగడం మొదలుపెట్టాడు. అప్పటికే అది శుభ్రంగా ఉంది. "సూడనీకె నేను రావొచ్చునా మరి?"

"ఏం అవసరం లేదు," అంది ఎలీశమ్మ. "సూసి ఏం జేస్తవ్? నేనింట్లనే ఉన్న గద, నన్ను సూడు."

"జనం లేని రోజు తీస్కపోత నాయినా," అంది ఉదయలక్ష్మి.

*

బుధవారం ఆమె బొమ్మను గుడ్డలో చుట్టి ఆటోలో దిల్‌సుఖ్‌నగర్ తీసుకెళ్లింది. చిత్రశాలకు ఫ్రేములు కట్టే దుకాణం ఒక కోచింగ్ సెంటరు కింద ఉంది. ఫ్రేములాయన బొమ్మను బల్ల మీద పెట్టి, ఎప్పటిలాగే ముప్పావు అంగుళం పట్టీ తెచ్చి అంచుకు ఆనించి చూపించాడు.

"ఇది కాదు భాయ్. వెడల్పుది కావాలె. రెండంగుళాలది."

"బొమ్మ లోపలికి పోతదమ్మా."

"పోనీ."

ఆయన రెండంగుళాల నల్ల పట్టీ తెచ్చి కింది అంచు మీద పెట్టాడు. కొళాయి కాడ తడి నేల, రెండు గిన్నెల అడుగులు, ఇత్తడి గుండిగ మెడ, అన్నీ పట్టీ కిందికి పోయాయి. ఆయన పట్టీ ఎత్తి కళ్లజోడు సర్దుకుని వంగాడు.

"ఇక్కడేదో పేరున్నట్టుందమ్మా. ఏసినాయనదేమో. కప్పేస్తె ఎట్ల?"

"ఆర్డర్ గట్లనే ఉంది."

"నలభై ఏండ్ల సంది కడుతున్న. పేరు మీదికి ఫ్రేము రానియ్య నేను."

"సర్కారు ఆర్డర్ భాయ్. నాదేముంది ఇందులో?"

ఆయన పట్టీని నలభై అయిదు డిగ్రీల కోతలో పెట్టాడు. రంపం కిర్రుమంది. మేకులు దిగుతున్నంతసేపూ ఉదయలక్ష్మి దుకాణం బయట నిలబడింది. మెట్ల మీద కోచింగ్ పిల్లలు సమోసాలు తింటూ పరీక్ష ప్రశ్నలు ఒకరినొకరు అడుగుతున్నారు.

గురువారం లేబుళ్లు చేసింది. మ్యాటు కాగితం మీద ప్రింటు తీసి, గమ్ము కొట్టి, సన్‌బోర్డు అట్ట మీద గాలిబుడగ లేకుండా అరచేత్తో సాపు చేసి, స్టీలు స్కేలు ఆనించి బ్లేడుతో కోసింది. పదో లేబుల్ దాకా చెయ్యి తిరిగింది. పదకొండోది మూడుసార్లు వంకర పోయింది. నాలుగోసారి సరిగ్గా వచ్చింది.

గిన్నెలు తోమే స్త్రీ. కళాకారుడు: తెలియదు. సుమారు 1990లు. కొలత. రంగులు. చివరి వరుసలో, మిగతావాటికన్నా లావు అక్షరాల్లో, శ్రీ జోగారావు గారి బహూకరణ. దాతల పేరు లావుగా ఉండాలన్నది చిత్రశాల రూలు.

*

శనివారం పదకొండు గంటలకు గుమ్మం దగ్గర సందర్శకుల పుస్తకం ముందు ఉదయలక్ష్మినే కూర్చోబెట్టారు. వచ్చినవాళ్ల చేత పేరు, ఊరు రాయించడం, లోపలికి దారి చూపించడం. పక్కనే ప్రసన్నకుమార్ బ్రోషర్లు ఇస్తున్నాడు.

యాభై మంది దాకా వచ్చాక, గేటు దగ్గర సెక్యూరిటీతో మాట్లాడుతున్న తెల్లచొక్కా కనబడింది. ఇస్త్రీ చేసిన చొక్కా. క్రిస్మస్‌కు కుట్టించుకున్నది. యెహెజ్కేలు తల దువ్వుకుని నూనె రాసుకున్నాడు. వస్తూనే కూతుర్ని చూసి ఆగిపోయాడు. ఆమె ఇక్కడే, ఇంత దగ్గరగా, నలుగురిలో ఉంటుందని అనుకున్నట్టు లేడు.

"ఏం కావాలె పెద్దాయనా?" అంది ఉదయలక్ష్మి.

ఆ మాట అతనికి చేరడానికి ఒక క్షణం పట్టింది.

"బొమ్మలు సూద్దామని ఒచ్చినమ్మా," అన్నాడు.

ఆమె పుస్తకం అటు తిప్పి పెన్ను చాపింది. "పేరు రాయండి."

యెహెజ్కేలు పెన్ను అందుకున్నాడు. దిల్‌సుఖ్‌నగర్ నుంచి సరూర్‌నగర్ దాకా ఒకప్పుడు సగం దుకాణాల బోర్డులు ఆ చేతి రాతే. ప్రసన్నకుమార్ పక్క నుంచి చూస్తున్నాడు. యెహెజ్కేలు పెన్నును కాగితం దాకా తీసుకెళ్లి, మళ్లీ బల్ల మీద పెట్టేశాడు.

"నాకు రాయరాదమ్మా."

"పర్వాలేదు పెద్దాయనా, వెళ్లండి," అన్నాడు ప్రసన్నకుమార్ మర్యాదగా. బ్రోషరు చేతిలో పెట్టాడు. బ్రోషరు మీద ఎలీశమ్మ మెడ తిప్పి చూస్తోంది.

అరగంటకు జోగారావు కుర్చీ బండిలో వచ్చాడు. ఎనభై దాటిన మనిషి, పంచె, భుజాన ఉత్తరీయం. వెనక బండి తోస్తూ కొడుకు అభిరామ్. వేదవతి ఎదురెళ్లి పూలగుత్తి ఇచ్చింది. ఉదయలక్ష్మిని కూడా లోపలికి పిలిచి, "ఈ అమ్మాయే అన్నీ రాసింది" అని పరిచయం చేసింది. జోగారావు ఒక్కో బొమ్మా చూస్తూ, ఏది ఏ బల్ల పైన ఉండేదో చెప్పుకుంటూ వచ్చాడు. పదకొండో బొమ్మ ముందు ఒక తెల్లచొక్కా మనిషి వీపు ఇటు పెట్టి నిలబడి ఉన్నాడు. బండి చప్పుడుకు తిరిగాడు.

జోగారావు ముఖం విచ్చుకుంది.

"ఒరేయ్ ఎజ్కేలూ! నువ్వేనట్రా! బతికే ఉన్నావుట్రా!"

గదిలో అందరూ తిరిగారు. వేదవతి గబగబా రెండడుగులు ముందుకొచ్చింది.

"ఈయనెవరండీ?"

"ఎవరేవిటమ్మా? ఈ బొమ్మ వేసింది వీడే. నా హోటలు బోర్డులన్నీ వీడే రాసేవాడు. పండగపూట పనిలేదని కూర్చుని ఉంటే, ఏదైనా వెయ్యరా అన్నాను. వాళ్లావిణ్నే వేసేశాడు. ఎలీశమ్మ కదూ, ఒరేయ్?"

యెహెజ్కేలు ఉదయలక్ష్మి వైపు చూడలేదు. బొమ్మ వైపు చూశాడు. నల్ల పట్టీ మీదుగా అతని చూపు అడ్డంగా నడిచి కుడి మూల దగ్గర ఆగింది. బోర్డులు బిగించిన మనిషి. ఎంత బొమ్మకు ఎంత పట్టీ పడుతుందో అతనికి ఒకరు చెప్పక్కర్లేదు.

"నేను ఏయలే సార్," అన్నాడు.

"ఏవిట్రా?"

"నేను బోర్డులు రాసినోనికి డబ్బాలు అందిచ్చేటోన్ని సార్. ఇది నేనేయలే. మీరు మరిసిపోయిన్రు."

"నేనా?" జోగారావు నవ్వబోయాడు. "నీ పేరు కూడా రాసుకున్నావు కదరా. కింద, గుండిగ మీద. ఓరి దొంగా, నా గుండిగ మీద నీ పేరేవిట్రా అని నవ్వాను కూడా." బండిలోంచి ముందుకు వంగి వేలు చాపాడు. వేలు నల్ల పట్టీకి తగిలింది. అక్కడ గుండిగ లేదు. ఆయన వేలు పట్టీ మీద అటూ ఇటూ తడుముకుంది. "ఇక్కడే ఉండాలమ్మా."

వేదవతి తల తిప్పింది. "ఉదయా, శుభ్రం చేసింది నువ్వే కదా? ఫ్రేము కింద పేరేమైనా ఉందా?"

ప్రసన్నకుమార్ గుమ్మంలోంచి చూస్తున్నాడు. నాయిన తలవంచుకుని బ్రోషరును నాలుగు మడతలు పెడుతున్నాడు.

"లేదు మేడం. మొత్తం చూసిన. ఏం లేదు."

"మరి నాకెందుకు గుర్తుంది?" అన్నాడు జోగారావు.

అభిరామ్ వంగి తండ్రి భుజం మీద చెయ్యేసి, వేదవతితో ఇంగ్లీషులో ఏదో అని, మళ్లీ తెలుగులో అన్నాడు. "ఈ మధ్య ఇలాగేనండీ. పోయిన వారం నన్ను పట్టుకుని మా బాబాయి అనుకున్నారు. ఏమనుకోకండి."

"నాకు గుర్తుందిరా," అన్నాడు జోగారావు. ఈసారి గొంతు చిన్నదైంది. "ఎలీశమ్మని అడగండి. ఒరేయ్, అది నీ పెళ్లాం కాదూ?"

"ఎవరో సార్. నాకు తెల్వదు."

వేదవతి వదల్లేదు. "మరి ఎవరు వేశారు పెద్దాయనా? మీరక్కడ పనిచేశారు కదా, తెలిసే ఉంటుంది."

యెహెజ్కేలు మడతపెట్టిన బ్రోషరును జేబులో పెట్టుకున్నాడు. "రాజయ్య అని ఒకాయన మేడం. దూరం నుంచి ఒచ్చేటోడు. సచ్చిపోయిండు."

జోగారావు కళ్లలోంచి నీళ్లు దిగాయి. ఉత్తరీయంతో తుడుచుకోవాలని కూడా ఆయనకు తోచలేదు. అభిరామ్ తుడిచాడు.

*

ఆ సాయంత్రం ఇంట్లో యెహెజ్కేలు చొక్కా విప్పి హ్యాంగరుకు తగిలించాడు. ఉదయలక్ష్మి నీళ్ల చెంబు ఇచ్చింది. తీసుకుని తాగాడు.

"లేబుల్‌ల తెలియదు అన్నకాడ," అన్నాడు, "తె కు, లి కి నడుమ ఎడం ఎక్కువైంది. ఎవలు చేసిన్రు?"

"కంప్యూటరే చేస్తది నాయినా."

"ఊఁ. చేత్తోటి రాస్తే గట్ల కాదు."

ఇంకేమీ అనలేదు. అంటే బాగుండునని ఆమె చాలాసేపు ఎదురుచూసింది.

*

సోమవారం ప్రసన్నకుమార్ ఒక కవరు తెచ్చి ఆమె బల్ల మీద పెట్టాడు.

"ఏమనుకోకు ఉదయా. పోయిన మంగళవారమే వచ్చింది. రిజిస్టర్ల ఎక్కించి, ప్రదర్శన హడావిడిల నీకియ్యడం మర్చిపోయిన. మంచి వార్తే."

విప్పి చదివింది. క్షేత్రస్థాయిలో విచారణ జరిపామని, సదరు ఉద్యోగి నివాసాన్ని సందర్శించి ఇరుగుపొరుగు వారిని విచారించామని, అర్జీలోని ఆరోపణలకు ఆధారాలు లభించలేదని ఉంది. కింద సంతకం, ముద్ర. తేదీ అంతకుముందు శుక్రవారం. ఇంటికి ఎవరూ రాలేదు. ఎవర్నీ అడగలేదు. ఆమె ఆ దూదిపుల్లలు నల్లబరచక ముందే, ఎవరో కుర్చీలో కూర్చుని ఇదంతా రాసేశారు.

"మిఠాయి ఎప్పుడు?" అన్నాడు ప్రసన్నకుమార్. అతని నవ్వులో ఏమీ దాగినట్టు లేదు. అర్జీ పెట్టింది అతనేమోనని ఇన్నాళ్లూ అనుమానించింది.

కవరును సొరుగులో పెట్టి తాళం వేస్తుండగా వేదవతి గదిలోంచి కేక వినిపించింది. "ఉదయా, ఆ పదకొండో లేబుల్ మార్చాలి. రాజయ్య అని పెట్టు. చనిపోయాడన్నాడుగా, ఆ మాటా రాయి. ఇంకో రెండు వివరాలు దొరికితే ఆ పేరు వరుసలోనే చేర్చు. జోగారావుగారింటికి ఒకసారి ఫోన్ చెయ్యి, పాపం ఆయన్ని పలకరించినట్టూ ఉంటుంది."

ఉదయలక్ష్మి ఫోన్ పట్టుకుని వెనక స్టోరు గదిలోకి వెళ్లింది. తలుపు వేసుకుంది. ఖాళీ ఫ్రేములు తప్ప అక్కడ ఎవరూ లేరు. ఈ ఒక్క మనిషికైనా చెప్పొచ్చు. మీకు సరిగ్గానే గుర్తుంది సార్, ఆ పేరు నేనే కప్పేసిన అని. కాగితం వచ్చేసింది. ఆయన ఎవరికి చెప్పినా ఎవరూ నమ్మరు కూడా. ఆ చివరి ఆలోచన వచ్చినందుకు తన మీద తనకే అసహ్యం వేసింది.

అభిరామ్ ఫోన్ ఎత్తి తండ్రికిచ్చాడు.

"నమస్తే సార్, చిత్రశాల నుంచి. ఉదయలక్ష్మిని."

"నువ్వా అమ్మా! నేనే ఫోన్ చేయించాలనుకుంటున్నాను," అన్నాడు జోగారావు. గొంతు హుషారుగా ఉంది. "ఆ రోజు ఆ పెద్దమనిషిని అనవసరంగా నిలదీశాను. పాపం, ఏమనుకున్నాడో. రాత్రంతా ఆలోచించాను. గుర్తొచ్చిందమ్మా. రాజయ్యే."

ఆమె ఫోన్‌ను రెండో చెవికి మార్చుకుంది.

"పొడుగ్గా, సన్నగా ఉండేవాడు. బీడీ చెవి మీద పెట్టుకునేవాడు. మంచివాడే. మా ఆవిడ పిలిచి అన్నం పెట్టేది. ఆ గిన్నెలు తోమే మనిషి వాడి పెళ్లామే. ఏదో జబ్బు చేసి ఇద్దరూ పోయారనుకుంటా. రాసుకుంటున్నావా? మళ్లీ మర్చిపోతానేమో."

బల్ల మీద పెన్సిలుంది. పాత సన్‌బోర్డు ముక్క ఉంది.

"రాసుకుంటున్న సార్."

"ఒకసారి చదువమ్మా."

ఆమె చదివింది. పొడుగు, సన్నం. బీడీ. చిత్రంలోని స్త్రీ ఆయన భార్య.

"అదీ!" అన్నాడు జోగారావు. "మావాడు నా బుర్ర పోయిందంటున్నాడు. వాడికివ్వనా? నేను చెప్పింది సరిగ్గానే ఉందని నువ్వొక్క మాట చెప్పమ్మా."

ఫోన్ చేతులు మారిన చప్పుడు. "చెప్పండి," అన్నాడు అభిరామ్.

"మీ నాన్నగారు చెప్పింది కరెక్టే సార్," అంది ఉదయలక్ష్మి. "మా రికార్డుల కూడా గట్లనే ఉంది."

మధ్యాహ్నం కొత్త లేబుల్ కోసింది. ఈసారి మొదటిసారే తిన్నగా తెగింది. పాతది పీకితే గోడ సున్నం కొంచెం లేచింది. కొత్తదాన్ని దాని మీదుగా అద్ది, రసమట్టం పెట్టి వంకర లేదని చూసి, అంచులు నొక్కింది. స్కూలు పిల్లలు ఒక వరుస అప్పుడే లోపలికొచ్చారు. ముందున్న అమ్మాయి నోటుబుక్కు తీసి ఆరు వరుసలూ ఎక్కించుకుని, కింద గీత గీసుకుంది.

ఇంటికెళ్లేసరికి ఎలీశమ్మ గడప దగ్గర చింతపండు పిక్కలు తీస్తోంది. యెహెజ్కేలు మంచం మీద ఉన్నాడు. ఉదయలక్ష్మి కాగితం సంగతి చెప్పింది. ఇంక ఎవరూ రారని, ఉద్యోగానికి భయం లేదని. ఎలీశమ్మ కళ్లు మూసుకుని "స్తోత్రం" అంది. లేచి కూతురి తల మీద చెయ్యి పెట్టింది. చింతపండు చెయ్యి.

"ఇగ గా పేరు ఏస్తరా మరి?" అని అడిగింది. ఏయొద్దన్నది తానే అయినా, ఎంతో తేలికైన విషయం లాగా అడిగింది.

"రాజయ్య అని ఏసినం అమ్మా. మార్చరాదు ఇంక. జోగారావు సారు కూడా రాజయ్యనే ఏసిండన్నడు. పుస్తకంల కూడా ఎక్కింది."

యెహెజ్కేలు మంచం మీద నుంచే అడిగాడు. "ఎట్ల ఉండేటోడట?"

"పొడుగు, సన్నం. బీడీ చెవి మీద పెట్టుకునేటోడట. మంచోడట."

యెహెజ్కేలు శ్రద్ధగా విన్నాడు. తెలిసినవాళ్ల గురించి వింటున్నట్టు తల ఊపాడు. ఎలీశమ్మ పిక్క తీస్తూ, "మరి నన్నెవలని రాసినవ్?" అంది.

ఉదయలక్ష్మి వంగి కింద పడ్డ పిక్కలు ఏరసాగింది.

"బ్లెస్సీ. నన్నెవలని రాసినవే?"

"ఆయన పెండ్లాం అని," అంది.

ఎలీశమ్మ చేతులు ఆగాయి. చింతపండు ఉండ ఒళ్లో పడింది. చాలాసేపు కూతురి ముఖం చూసింది. తర్వాత మంచం మీదున్న మొగుడి వైపు చూసింది. అతను గోడ వైపు తిరిగి పడుకున్నాడు.

"ముప్పై ఎనిమిదేండ్లు గీ మనిషితోటి కాపురం చేసిన," అంది ఎలీశమ్మ. గొంతు పెంచలేదు. "నా బిడ్డవే కూసోని నన్ను ఇంకోనికిచ్చి రాసినవా?"

వీధిలో ఎవరో ఆమెను పేరు పెట్టి పిలిచారు. ఆమె మెడ తిప్పలేదు.